ఎండ ఉండగానే కట్

పోయిన వారం కత్తెరని గదిలో ఉంచి, లోపల గడియ వేసుకోనిచ్చి, మనం చల్లగా వచ్చేశాం. పాపం, వారం నుంచీ ప్లే బటన్ మీద వేలు పెట్టుకునే ఉంది.

కత్తెర అంటే మన ఎడిటర్. దర్శకుడి భార్య. ఆ పేరు పెట్టింది ఆడపడుచు, పెట్టినందుకు ఇప్పటికీ గర్వపడుతూనే ఉంటుంది. మొగుడు తీసుకొచ్చి కుప్ప పోసిన షాట్లని కోసి, కుట్టి, సినిమా అనిపించడం ఈమె పని. సినిమా అంటే మరీ ఊహించుకోకండి. ఒక ఇల్లు, ఒక కిటికీ, అరువు తెచ్చుకున్న కెమెరా, జన్మలో నటించని సొంత అక్క, ఇదీ దర్శకుడి సరంజామా. ప్రేమ లేని కాపురంలో ఉండిపోయిన ఒకావిడ, అలా ఉండిపోవడం మంచితనమా పిరికితనమా అని తనని తానే నిలదీసుకునే కథ. రేపు పొద్దున్నే అది పోటీకి వెళ్లిపోవాలి. ఇవాళ చివరి సీన్ ఖాయం చేస్తే, ఆ అక్క కూతురే వచ్చి కూర్చుని దానికి సబ్‌టైటిల్స్ రాస్తుంది.

అంతా సవ్యంగానే ఉంది, ఒక్క చోట తప్ప. ఈ దర్శకుడు కట్ చెప్పని మనిషి. సీన్ అయిపోతుంది, మాటలు అయిపోతాయి, నటించేవాళ్లు ఏం చేయాలో తోచక గోళ్లు చూసుకుంటూ ఉంటారు, ఈయన మాత్రం కెమెరా పక్కన బాసింపట్టు వేసుకుని గుడి ముందు భక్తుడిలా కూర్చునే ఉంటాడు. ఆ ఒక్క మాట కోసం ఎదురుచూసి ఎదురుచూసి తన జుట్టు నెరిసిపోయిందని సౌండ్ చూసే ఆయన వచ్చినవాళ్లందరికీ తల వంచి మరీ చూపించేవాడు. మనిషనేవాడు డైలాగ్ అయిపోయాకే బయటికొస్తాడని, షాట్ తోకలోనే బంగారం ఉంటుందని దర్శకుడి సిద్ధాంతం. తోక చూడకుండా ఒక్క షాట్ కూడా కోయనిచ్చేవాడు కాదు. అలాంటివాడు చివరి షాట్ దగ్గరికొచ్చేసరికి, అక్క 'అంతే' అనగానే ఆపెయ్, తర్వాతది చూడక్కర్లేదు అన్నాడు. అనేసి మేనకోడల్ని తీసుకురావడానికి స్టేషన్‌కి వెళ్లాడు.

చూడొద్దంటే చూడకుండా ఉండే ఎడిటర్ ఇంకా పుట్టలేదు. కత్తెర నొక్కింది.

తెర మీద కిటికీ. కిటికీ పక్కన వదిన, అంటే దర్శకుడి అక్క, ఒళ్లో ఉతికిన చొక్కాలు. వదిన పనిచేసేది లాండ్రీలోనే కాబట్టి ఆ మడతల్లో నటన లేదు, చేతులు వాటి పని అవి చేసుకుపోతున్నాయి. వెనక గోడ మీద కిటికీ చువ్వల నీడతో సహా ఎండ పడింది. కథలో ఆవిడ మాట్లాడేది పక్కింటావిడతో. పక్కింటావిడ మనకి కనిపించదు. ఆ చోట, కెమెరాకి కాస్త ఎడమగా, దర్శకుడే కూర్చుని మాట అందించేవాడు.

"వెళ్లిపోదామనుకున్నా. వెళ్లలేదు. అంతే," అంది వదిన.

రాసుకున్నది అక్కడికి అయిపోయింది. కట్ రాలేదు. వదిన చొక్కా కాలరు సరిచేసింది. గుండీ పెట్టింది, తీసింది, మళ్లీ పెట్టింది. తర్వాత తలెత్తి, ఆ ఎడమ వైపుకే చూస్తూ, గొంతు ఏమాత్రం మార్చకుండా చెప్పింది.

"కళ్లజోడు సంగతి అబద్ధం. అదెప్పుడూ విరగలేదు. ఆ రోజు నేను వెళ్లింది బస్టాండ్‌కి. పెట్టె సర్దుకుని, ఇంక తిరిగి రాకూడదనే వెళ్లా."

కత్తెర చటుక్కున ఆపేసింది.

ఎందుకంటే ఆ కళ్లజోడు కథ ఈ ఇంట్లో అందరికీ కంఠతా వచ్చు. కత్తెర కాపురానికి రాకముందు మాట. వదిన భర్త ఒక మధ్యాహ్నం వంటింట్లో కుళాయి విప్పుకుని, విప్పుకున్నచోటే కుప్పకూలిపోయాడు. ఇంట్లో ఎవరూ లేరు. వదిన ఆయన కళ్లజోడు విరిగితే బాగుచేయించడానికి వెళ్లింది. సాయంత్రం తిరిగొచ్చేసరికి నీళ్లు గడప దాటి బయటికి పారుతున్నాయి. చూశారా, మొగుడి కళ్లజోడు కోసం వెళ్లింది మహాతల్లి, ఆఖరి చూపు కూడా దక్కలేదు అని చుట్టాలంతా కళ్లు తుడుచుకునేవాళ్లు. ఆ కళ్లజోడు ఇప్పుడు వదిన కూతురి సంచిలో ఉంటుంది. పరీక్షలకి పోయినా, ఉద్యోగానికి పోయినా, అది లేకుండా ఆ పిల్ల గడప దాటదు. అమ్మానాన్నల ప్రేమ ఎలాంటిదో తెలియాలంటే ఇది చూడు అత్తా అని ఒకసారి కత్తెర చేతిలో కూడా పెట్టింది.

కత్తెర మళ్లీ నొక్కింది.

"బస్టాండ్ నుంచి ఒకళ్లకి ఫోన్ చేశా. వచ్చేస్తా, రానా అని అడిగా. కాసేపట్లో మళ్లీ చేస్తా, అక్కడే ఉండు అన్నారు. ఉన్నా. బల్ల మీద ఎండ ఈ చివర నుంచి ఆ చివరికి జరిగేదాకా ఉన్నా. రావద్దని ఒక్క ముక్క చెప్పి ఉంటే అప్పుడే ఇంటికి పోయేదాన్ని. ఆయన పడిపోయేటప్పటికి నేను ఇంట్లో ఉండేదాన్ని. ఆ ఒకళ్లు ఎవరో తెలుసా..."

"కట్."

దర్శకుడి గొంతు. ఆ వెనకే, ఎండ పోయింది, ఇక చాలు అన్న మాట. ఆ మీద సౌండ్ ఆయన చప్పట్లు, ఎవరో ముక్కు చీదడం, ఏం నటించావమ్మా అని ఇంకెవరో. షాట్ అయిపోయింది.

కత్తెర చివరి భాగాన్ని వెనక్కి తిప్పి చూసింది. ముందుకి తిప్పి చూసింది. గోడ మీద ఎండ గోడకి అతికించినట్టు అలాగే ఉంది. చువ్వల నీడలో ఒక్క చువ్వ కూడా చెదరలేదు. ఎన్నెన్ని షాట్ల తోకలు చూసిందో ఆమెకి లెక్క లేదు గానీ, ఆ మనిషి ఒకరి మాట మధ్యలో కట్ చెప్పడం మాత్రం ఇదే మొదటిసారి.

అక్కడ ఆగి ఉంటే ఏ గొడవా లేదు. చెప్పినట్టు 'అంతే' దగ్గర కోసేసి, తోకని చెత్తబుట్టలో పడేసి, మేనకోడలికి టీ పెట్టి ఇచ్చి, సబ్‌టైటిల్స్ రాయించుకుని, రేపు సినిమాని సాగనంపొచ్చు. ఎవరికీ తెలియదు. కానీ మనసు ఊరుకోదే. ఈ మాటలు వదినవి. నోరు జారి, మాటల వేగంలో పడి, కెమెరా ఉందన్న సంగతే మరిచిపోయి కక్కేసిన మాటలని కత్తెర అనుకుంది. దాన్ని ఉంచాలా తీసెయ్యాలా అన్నది మొగుడు ఒక్కడే తేల్చేది కాదు, తనూ తేల్చేది కాదు. అందుకే ఫోన్ చేసింది.

లాండ్రీ పక్క వీధిలోనే. వదిన ఏప్రన్ కూడా విప్పకుండా, ఇస్త్రీ వాసనతో సహా వచ్చేసింది. వస్తూనే, ఏమే కత్తెరా, ఎక్కడ నా మెడ కోశావో చూపించు అంటూ కుర్చీలో చతికిలబడింది. కత్తెర షాట్ మొత్తం వేసి చూపించింది.

వదిన తనని తాను చూసుకుంటూ కూర్చుంది. మధ్యలో ఒకసారి, ఆ చొక్కా మడత వంకర పోయింది అని మాత్రం గొణిగింది. 'కట్' వినబడగానే పెదవి ఒక పక్కకి విరిగినట్టు నవ్వింది.

కత్తెర కూడబలుక్కుని చెప్పడం మొదలుపెట్టింది. మీరేమీ కంగారు పడకండి వదినా, ఇది మీకు తెలియకుండా నోట్లోంచి వచ్చేసింది, యూనిట్‌లో అందరూ నటన అనే అనుకున్నారు, నేను తీసేస్తాను, కంప్యూటర్లోంచి కూడా తీసేస్తాను, మూడో కంటికి తెలియదు. ఇలా చెప్పుకుపోతుంటే వదిన చెయ్యి ఎత్తి ఆపింది.

"నాకు తెలియకుండా రావడమేంటే? తెలిసే చెప్పా."

కత్తెర తన కుర్చీని తెర వైపు నుంచి వదిన వైపు తిప్పుకుంది.

"వాడు నిక్కర్లు వేసుకున్నప్పటి నుంచీ చూస్తున్నా. వాడికి మొదలుపెట్టడం వచ్చుగానీ ఆపడం రాదు. ఆ రోజు కూడా ఆపడని తెలుసు. మాటలు అయిపోయాయి, వాడు కూర్చునే ఉన్నాడు, డబ్బా తిరుగుతూనే ఉంది. చెప్పేశా."

అప్పుడు వదిన మిగతాది చెప్పుకొచ్చింది. కూతురికి చెప్పాలని ఎన్నిసార్లు అనుకుందో. పక్కన కూర్చోబెట్టుకుంటుంది, నోరు తెరుస్తుంది, ఆ పిల్ల సంచిలోంచి కళ్లజోడు తీసి అద్దాలు తుడవడం మొదలుపెడుతుంది. ఇంకేం చెబుతుంది? మొగుడు చెడ్డవాడైతే చెప్పడం తేలికయ్యేదట. కొట్టలేదు, తిట్టలేదు, తాగలేదు. ఏళ్ల తరబడి ఆమెతో మాట్లాడలేదు, అంతే. అన్నం పెడితే తినేవాడు, చొక్కా ఇస్తే తొడుక్కునేవాడు. ఆయన పక్కన కూర్చుంటే గోడకి కొట్టిన మేకునేమో అనిపించేదట. ఇది చెబితే ఎవరికి అర్థమవుతుంది, అందులోనూ నాన్నంటే ప్రాణం పెట్టే పిల్లకి? సినిమాలో అయితే చీకట్లో కూర్చుని వింటుంది, మధ్యలో లేచి పోలేదు, తనకి మొహం చూపించే పని ఉండదు. అదీ వదిన వేసుకున్న లెక్క.

"వాడు ఉంచాడా మరి?" అని అడిగింది.

కత్తెర తల దించుకుంది. 'అంతే' దగ్గర ఆపెయ్యమన్నాడని చెప్పింది.

వదిన ఏప్రన్ అంచుని మడిచింది. విప్పింది. మళ్లీ మడిచింది. "అనుకున్నా," అంది.

కత్తెరకి అసలు ప్రశ్న గొంతులోకి వచ్చి కూర్చుంది. అడగకూడదని తెలుసు, అడగకుండా ఉండలేకపోయింది. ఆ ఒకళ్లు ఎవరు వదినా అంది. అన్నాక కత్తెర మొహం చూసి వదినకి విషయం అర్థమైపోయింది.

"ఎవడో ఉన్నాడనుకుంటున్నావు కదూ," అంది వదిన, ఈసారి నిజంగానే నవ్వుతూ. "నాకు తెలిసిన మగాళ్లంతా చొక్కాలే తల్లీ. ఏ చొక్కాకి ఎక్కడ చెమట పడుతుందో చెప్పగలను, ఎవడి మొహం ఎలా ఉంటుందో చెప్పలేను."

మరి ఎవరని కత్తెర రెండోసారి అడిగింది. వదిన నవ్వు మెల్లగా సర్దుకుంది. ఆ ఒకళ్లకి చెప్పాల్సింది వాళ్ల మొహం మీదే చెప్పేశానంది, ఇంక వాళ్ల బాధ వాళ్లు పడతారంది. తనకి మిగిలిన బాకీ కూతురొక్కతే అంది. ఎప్పుడు చెప్పారు, ఎక్కడ చెప్పారు అని కత్తెర అడగబోతుండగానే కింద ఆటో ఆగిన చప్పుడు, మెట్ల మీద మేనకోడలి గొంతు. ఆ పిల్లని ఇంట్లో పిచ్చుక అంటారు, ఎందుకో మెట్లెక్కేలోపు మీకే తెలిసిపోతుంది. రైలు గురించి, పక్క సీటు ముసలాయన గురక గురించి, మామయ్య కొత్తగా పెంచిన గడ్డం గురించి ఊపిరి తిప్పుకోకుండా చెప్పుకుంటూ వస్తోంది.

వదిన కత్తెర చెయ్యి పట్టుకుంది.

"తీసెయ్యవే," అంది వదిన, ఉన్నట్టుండి. "వద్దు. నాకు భయమేస్తోంది."

కత్తెర మౌస్ మీద చెయ్యి వేసింది. కోసెయ్యడానికి ఎంతసేపు? ఆ వేలు అలాగే గాల్లో ఉండగా వదినే మళ్లీ, "తీసేస్తే ఇంక ఈ జన్మలో చెప్పలేను," అంది, తనలో తను అనుకున్నట్టు.

కత్తెర చెయ్యి వెనక్కి తీసుకుంది. లేచి గడియ తీసింది.

పిచ్చుక లోపలికొస్తూనే వాళ్లమ్మని చూసి ఎగిరి మెడ చుట్టుకుంది. అత్తని కూడా చుట్టేసింది. ఏదీ నా పని, ఎక్కడ కూర్చోవాలి, అమ్మ ఏడుపు సీన్‌కి నేను అక్షరాలు పెట్టాలా, నవ్వొచ్చి తప్పులు పడితే నా పూచీ లేదు అంటూ సంచి బల్ల మీద పెట్టి, అలవాటు ప్రకారం కళ్లజోడు పెట్టెను తీసి కీబోర్డు పక్కన పెట్టుకుంది. వెనకే వచ్చిన దర్శకుడు మాత్రం గుమ్మంలోనే నిలబడిపోయాడు. అక్క ఇక్కడ ఎందుకుందో, తెర మీద ఏ షాట్ ఆగి ఉందో ఒకే చూపులో చూసేశాడు.

ఇంకా ఖాయం చేయలేదా, 'అంతే' దాకా ఉంచమని చెప్పాను కదా అన్నాడు భార్యతో. మామూలుగా అన్నట్టే అన్నాడు. కానీ పదిమందికి వినపడేలా మాట్లాడే మనిషి గొంతు ఆ పూట చెంబులోంచి వచ్చినట్టుంది. టైమ్ లేదన్నాడు. తోక అక్కర్లేదన్నాడు. పిల్ల ప్రయాణం చేసి అలిసిపోయింది, ముందు టీ తాగనీ అన్నాడు.

"ఎండ పోలేదు," అంది కత్తెర.

ఆయన చూపు తెర మీది గోడకి వెళ్లింది.

"గోడ మీద చూశా. చివరిదాకా అలాగే ఉంది."

పిచ్చుక ఇద్దరి మొహాలూ మార్చి మార్చి చూసింది. వదిన కుర్చీలోంచి లేచి, కూతుర్ని రెండు భుజాలూ పట్టుకుని తన చోట కూర్చోబెట్టింది. ఇది టైప్ చేస్తూ నీకు తెలియకూడదు, ముందు నా కూతురిలా చూడు, తర్వాత పని చేద్దువుగాని అని, హెడ్‌ఫోన్స్ తనే తీసి ఆ పిల్ల చెవులకి పెట్టింది. జుట్టు అడ్డం రాకుండా సర్దింది కూడా. దర్శకుడు ఒక అడుగు ముందుకేశాడు. కత్తెర ఆయనకీ బల్లకీ మధ్యకి కుర్చీ జరుపుకుని కూర్చుని, ప్లే నొక్కింది.

మాటలు పిచ్చుకకి ఒక్కదానికే వినబడుతున్నాయి. గదిలో వాళ్లకి బొమ్మే. తెర మీద వదిన చొక్కా మడుస్తోంది. పెదాలు కదులుతున్నాయి. గుండీ పెట్టింది, తీసింది, పెట్టింది. అసలు వదిన గోడకి ఆనుకుని, తెర వంక చూడకుండా, కూతురి మెడ వెనక చిన్న వెంట్రుకల్నే చూస్తూ నిలబడింది. ఎప్పుడూ వాగుడుతో పాటు ఊగే ఆ మెడ కదలడం మానేసింది. కళ్లజోడు మాట వచ్చిన చోటు కత్తెరకి తెలుసు. సరిగ్గా అక్కడే పిల్ల చెయ్యి వెళ్లి ఆ పెట్టె మీద పడింది.

షాట్ అయిపోయింది. పిచ్చుక హెడ్‌ఫోన్స్ తీసి బల్ల మీద పెట్టింది. తర్వాత పెట్టె తెరిచి కళ్లజోడు బయటికి తీసి, కాడలు విప్పి వాళ్లమ్మకి అందించింది.

"అతుకు లేదమ్మా," అంది. "విరిగింది అతికిస్తే అతుకు కనపడాలి కదా. ఎప్పుడో చూశా. నువ్వే చెబుతావని ఊరుకున్నా."

వదిన కళ్లజోడు అందుకోలేదు. కూతురి చేతిని అందుకుంది, కళ్లజోడుతో సహా. అప్పటిదాకా బిగబట్టి నిలబడ్డ మనిషి గోడ వెంట అలా జారి కింద కూర్చుండిపోయింది. పిచ్చుక కూడా కుర్చీ దిగి పక్కనే కూర్చుంది. నువ్వు వెళ్లిపోయి ఉంటే నీ మీద అలిగి మాట్లాడేదాన్ని కాదేమో, ఎన్నాళ్లలే, మహా అయితే ఒక నెల, నాకు మాట్లాడకుండా ఉండటం ఎక్కడొచ్చు అంది. వదిన ఏడుస్తూనే నవ్వింది. కత్తెర మొహం అటు తిప్పుకుని, అవసరం లేకపోయినా ఫైల్‌ని రెండుసార్లు సేవ్ చేసింది.

ఇంక ఇది ఇక్కడితో సర్దుకుంది, తల్లీకూతుళ్లు తేల్చుకున్నారు, సినిమా సంగతి సినిమా చూసుకుంటుంది అని కత్తెర అనుకుంటోంది. దర్శకుడు కూడా అదే అనుకున్నట్టున్నాడు. టీ పెట్టుకొస్తానని, తనకి తనే చెప్పుకున్నట్టు చెప్పి, తలుపు మీద చెయ్యి వేశాడు.

"మామయ్యా."

పిచ్చుక నేల మీద కూర్చునే ఉంది. వాళ్లమ్మ చెయ్యి వదల్లేదు. తలెత్తి చూస్తోంది, గొంతులో కోపం లేదు, ఏదో గుర్తుచేసుకుంటున్న ధ్యాస ఉంది.

కాలేజీ రోజుల్లో నేను మీ ఇంట్లోనే ఉండేదాన్ని కదా అంది. నాన్న పోయిన రోజు మధ్యాహ్నం మనిద్దరం చదరంగం ఆడుతున్నాం, నీ గుర్రాన్ని నేను చంపేశాను, అప్పుడే నీకు ఫోన్ వచ్చింది, నువ్వు కిటికీ దగ్గరికి వెళ్లి మాట్లాడావు అంది.

వదిన కూతురి చేతిని గట్టిగా నొక్కింది. వద్దన్నట్టు. పిల్ల ఆగలేదు.

"కాసేపట్లో చేస్తా, అక్కడే ఉండు అన్నావు. ఎవరు మామయ్యా అంటే రాంగ్ నంబర్ అన్నావు."

దర్శకుడు ఇటు తిరగలేదు.

"రాంగ్ నంబర్ వాళ్లని ఎవరైనా అక్కడే ఉండమంటారా?"

కత్తెర తెర వంక చూసింది. ఆఖరి ఫ్రేమ్ అలాగే ఆగి ఉంది. వదిన నోరు సగం తెరిచి ఉంది, చూపు కెమెరాకి కాస్త ఎడమగా ఉంది. పక్కింటావిడ ఉండాల్సిన చోట. ఆ చోట ఎవరు కూర్చున్నారో ఆమెకి మొదటి నుంచీ తెలుసు. మొహం మీదే చెప్పేశానని వదిన అన్నది ఎవరి మొహమో ఇప్పుడు తెలిసింది.

లేచి తలుపు దగ్గరికి నడిచింది. ఇన్నేళ్లుగా తను ఏ చేతిని పట్టుకుని నడిచిందో ఆ చేతిని మెల్లగా తలుపు మీంచి తీసి పక్కన పెట్టింది. గడియ వేసింది, ఈసారి ఆయన్ని లోపల ఉంచి.